ట్యాలీప్రైమ్‌ను 3.0 లేదా ఆపై రిలీజ్‌కి మార్చడం ఎలా?

లెక్కలు రాసే సాఫ్ట్‌వేర్ ట్యాలీప్రైమ్‌లో 2.1 లేదా అంతకుముందు రిలీజ్‌లో (వెర్షన్‌లో) రాసిన లెక్కలను 3.0లో గానీ, ఆ తర్వాతి రిలీజ్‌లో గానీ తెరవాలంటే డేటాను మైగ్రేట్ చేయాలి, అంటే కొత్త రిలీజ్ రూపంలోకి మార్చాలి. ఒకసారి మారిన డేటా పాత రిలీజ్‌లో మళ్లీ తెరుచుకోదు. కాబట్టి అసలు డేటాను ముట్టుకోకుండా, ముందు కాపీ మీద చేసి చూడండి. నెలనెలా రిటర్నులు వేసేవాళ్లు 11న జీఎస్టీఆర్-1 (అమ్మకాల జీఎస్టీ రిటర్ను), 20న జీఎస్టీఆర్-3బీ (పన్ను కట్టే నెలవారీ రిటర్ను) గడువులు దాటాకే ఈ పని పెట్టుకోవాలి.

ముందుగా ఎఫ్1 నొక్కి, అబౌట్‌లో రిలీజ్ నంబర్, టీఎస్ఎస్ (కొత్త రిలీజ్‌లు అందించే ట్యాలీ చందా) గడువు చూడండి. టీఎస్ఎస్ అయిపోయి ఉంటే, రెన్యువల్ చేయించాకే ముందుకెళ్లండి.

ట్రయల్ బ్యాలెన్స్, ముగింపు స్టాక్, గత నెల జీఎస్టీఆర్-1, చివరి సేల్స్ బిల్లు నంబరు పీడీఎఫ్‌గా తీసి దాచండి. తర్వాత తేడా వస్తే పట్టిచ్చేవి ఇవే.

ఆల్ట్+వై నొక్కి బ్యాకప్ తీయండి. ఆపై ట్యాలీ మూసేసి, 10000 లాంటి అంకెల పేరున్న కంపెనీ ఫోల్డర్‌ను మొత్తంగా ఇంకో డ్రైవ్‌లోకి కాపీ చేయండి. కొత్త రిలీజ్‌ను వేరే ఫోల్డర్‌లో ఇన్‌స్టాల్ చేసి, ఆ కాపీని మైగ్రేట్ చేయండి. డేటా పెద్దదైతే సమయం పడుతుంది. మధ్యలో కరెంటు పోతే డేటా పాడయ్యే ప్రమాదముంది, యూపీఎస్ తప్పనిసరి.

ఇప్పుడు మైగ్రేట్ అయిన కాపీలోని మొత్తాలను, ముందు దాచిన పీడీఎఫ్‌లతో పోల్చండి. ఎక్కువ పని జీఎస్టీఆర్-1లోనే ఉంటుంది. 'అన్‌సర్టెన్ ట్రాన్సాక్షన్స్' కింద బిల్లులు చేరితే భయపడొద్దు, అవి పోయినవి కావు. పార్టీ రాష్ట్రం, రిజిస్ట్రేషన్ రకం, హెచ్‌ఎస్‌ఎన్ (సరుకు కోడ్), పన్ను రేటు లాంటివి ఖాళీగానో తప్పుగానో ఉన్నాయని అర్థం. ఒక్కో బిల్లునూ దిద్దే బదులు లెడ్జర్‌లోనో, స్టాక్ ఐటెమ్‌లోనో సరిచేస్తే చాలా వరకు ఒకేసారి తేలిపోతాయి.

సేల్స్ వోచర్ టైప్ తెరిచి నంబరింగ్ తప్పక చూడండి. 'రిటైన్ ఒరిజినల్ వోచర్ నంబర్' ఉండాలి. 'రీనంబర్' ఉంటే, మధ్యలో ఒక బిల్లు తీసేయగానే తర్వాతి నంబర్లన్నీ జరిగి, కొనుగోలుదారు చేతిలోని బిల్లుతో పొసగవు.

బిల్లు ప్రింట్ చెదిరిపోతే టీడీఎల్‌ను (మీ అవసరానికి ట్యాలీలో అదనంగా రాయించుకున్న ప్రోగ్రామ్‌ను) అనుమానించండి. ఎఫ్1లోని టీడీఎల్ అండ్ యాడ్-ఆన్‌లో దాన్ని ఆపి, రాసిచ్చినవారితో కొత్త రిలీజ్‌కు సరిచేయించండి.

కాపీలో అన్నీ సరిపోయాక, అప్పటి తాజా బ్యాకప్ తీసి అసలు డేటాను మార్చండి. మల్టీ యూజర్ అయితే అన్ని సిస్టమ్‌లలో ఒకే రిలీజ్‌ను అదే రోజు ఎక్కించాలి. పాత ఫోల్డర్‌ను ఆ ఏడాది ఆడిట్ ముగిసేదాకా చెరపకండి.