పడవ ప్రమాదం చార్టుకు కోడ్ వేసేటప్పుడు

మాదాపూర్, గచ్చిబౌలి ఆఫీసుల్లో అమెరికా ఆసుపత్రుల ఎమర్జెన్సీ చార్టులకు ఐసీడీ-10-సీఎం (జబ్బులకు, గాయాలకు వేసే కోడ్‌ల పద్ధతి) కోడ్‌లు వేసేవాళ్లకు జూన్, జులై వచ్చాయంటే జెట్ స్కీలు, ట్యూబింగ్, పాంటూన్ పడవల కేసులు తగులుతుంటాయి. అమెరికాలో అప్పుడు వేసవి సెలవులు. గాయం కోడ్ చాలామందికి సరిగ్గానే వస్తుంది. చేజారేది ఎక్స్‌టర్నల్ కాజ్ (గాయం ఎలా, ఎక్కడ అయిందో చెప్పే కోడ్) దగ్గర. ఇండెక్స్‌లో పడవ పేరు వెతికి, కనిపించిన మొదటి కోడ్ వేసేస్తే వచ్చే తిప్పలు ఇవి.

ఇండెక్స్ తెరిచే ముందే చార్టు చదివి రెండు సంగతులు తేల్చుకోండి. ప్రమాదం జరిగింది పడవకా, పడవలోని మనిషికా? మనిషి నీట మునిగాడా, లేక వేరే దెబ్బ తగిలిందా? పడవ బోల్తా పడో, మునిగో, తగలబడో మనిషి నీట మునిగితే వి90. పడవకు అలాంటిదే జరిగి మనిషి కాలినా, నలిగినా, పడినా వి91. పడవకు ఏమీ కాలేదు, మనిషే జారి నీళ్లలో పడి మునిగాడు, అది వి92. పడవ బాగానే ఉంది, డెక్ మీద కాలు జారి మణికట్టు విరిగింది, అది వి93. ఈ నాలుగింట్లో ఇమడనివి వి94లోకి వెళ్తాయి: ఈదుతున్నవాణ్ని పడవ గుద్దడం, పడవలోంచి పడి నీటి అడుగుకు తగలడం, పడవ వెనక లాగే గాలి ట్యూబు మీద ఉన్నవాడు గాయపడటం.

లుంబినీ పార్కు నుంచి బుద్ధ విగ్రహం దాకా తిరిగే పడవను ఊహించుకోండి. అది దేనికో గుద్దుకుని, ఆ కుదుపుకు ప్రయాణికుడు పడితే వి91.2. మామూలుగా వెళ్తుండగా మెట్టు తప్పి పడితే వి93.3. రెండింట్లోనూ చెయ్యే విరిగినా కోడ్ మాత్రం వేరు.

వి90 నుంచి వి93 దాకా తర్వాతి అక్షరం (ఐదోది) పడవ రకం చెబుతుంది. 0 సరుకు ఓడ, 1 ప్రయాణికుల ఓడ (ఫెర్రీ కూడా ఇందులోకే), 2 చేపల పడవ, 3 మిగతా మోటారు పడవలు, 4 తెరచాప పడవ, 5 కనూ లేదా కయాక్, 6 గాలి నింపే పడవ, 9 రకం రాయనిది. చార్టులో పీడబ్ల్యూసీ (పర్సనల్ వాటర్‌క్రాఫ్ట్) అని ఉంటే జెట్ స్కీ అనుకోండి, అది 3. అన్ని ఉపవిభాగాల్లో అన్ని అంకెలూ ఉండవు కాబట్టి ట్యాబులర్ (కోడ్‌ల వరుస జాబితా) చూడకుండా అంకె తగిలించకండి. కాలుతున్న వాటర్ స్కీల వల్ల అయిన గాయానికి కూడా వి91.07 ఉంది. ఎప్పుడు పనికొస్తుందో గానీ, ఉంది!

నీళ్లలో పడ్డాడన్న ఒక్క మాటకే వి92 వేయకండి. అది మునిగినవాళ్లకే. మునిగిన కేసులో ఇంకో ఉచ్చు టి75.1ఎక్స్‌ఎక్స్‌ఎ. మునిగినందువల్ల ఏమైందో డాక్టర్ చెప్పనప్పుడే ఆ కోడ్. ఆక్సిజన్ తగ్గి తీవ్ర శ్వాస వైఫల్యం వచ్చిందని రాస్తే జే96.01 వేయాలి, టి75.1 పక్కన పెట్టాలి. ఎక్స్‌క్లూడ్స్1 నోట్ (ఆ రెండూ కలిపి వేయొద్దనే గమనిక) ఉన్నది అందుకే.

ఏడో అక్షరం (చికిత్స ఏ దశలో ఉందో చెప్పేది) దగ్గర ఫ్రాక్చర్లు ఎక్కువ ముంచుతాయి. ఎ అంటే మొదటి విజిట్ అని కాదు, చికిత్స ఇంకా చురుగ్గా నడుస్తోందని. వారం తర్వాత సర్జరీకి వచ్చినా ఎ-నే. కట్టు మార్చడానికి వస్తే డి. ఫ్రాక్చర్ కోడ్‌కు బి (ఓపెన్ ఫ్రాక్చర్‌కు చురుకైన చికిత్స), జి (మానడం ఆలస్యం), కె (అతుక్కోలేదు), పి (వంకరగా అతుక్కుంది) లాంటివి ఉంటాయి, ఎక్స్‌టర్నల్ కాజ్‌కు ఎ, డి, ఎస్ (పాత గాయం మిగిల్చిన సమస్య) మాత్రమే. అందుకని మానడం ఆలస్యమైన ఎస్52.501జి పక్కన వి93.33ఎక్స్‌డి రావాలి. బి పక్కనేమో ఎ. ఖాళీ స్థానాలకు ఎక్స్ మరవకండి: వి94.11కు ఒక ఎక్స్ చాలు, వి94.0కు రెండు కావాలి.

ఒక కేసు పూర్తిగా చూద్దాం. చెరువులో సరదాగా ఈదుతున్న మనిషిని జెట్ స్కీ గుద్దింది, కుడి తొడ చీరుకుపోయింది, లోపల ఏమీ ఇరుక్కోలేదు. ముందు ఎస్71.111ఎ. తర్వాత వి94.11ఎక్స్‌ఎ. చోటుకు వై92.828, ఈతకు వై93.11, సరదా కాబట్టి వై99.8. అదే మనిషి జీతానికి పడవ మీద పనిచేస్తూ గాయపడి ఉంటే వై99.0, చోటు పడవే అయితే వై92.814. ఎక్స్‌టర్నల్ కాజ్ ఎన్నడూ మొదటి కోడ్ కాకూడదు. వై92, వై93, వై99 మొదటి ఎన్‌కౌంటర్‌లో ఒక్కసారే. చార్టులో చోటు రాయకపోతే వై92.9 వేయొద్దు, వదిలేయండి.

టైప్ చేసేటప్పుడు వి90, వై90 తారుమారవుతుంటాయి. వై90 రక్తంలో ఆల్కహాల్ స్థాయికి సంబంధించినది. పడవ కేసుల్లో తాగిన ప్రస్తావన వస్తుంది కాబట్టి ఎడిట్ (సాఫ్ట్‌వేర్ చేసే తనిఖీ) కూడా దీన్ని పట్టకపోవచ్చు, కళ్లతోనే చూసుకోవాలి.

ఎక్స్‌టర్నల్ కాజ్ అమెరికా అంతటా తప్పనిసరి కాదు. రాష్ట్రం గానీ, పేయర్ (బిల్లు కట్టే బీమా సంస్థ) గానీ అడిగితే వేయాలి, అందుకే క్లయింట్ గైడ్‌లైన్ ముందు తెరిచి పెట్టుకోండి. వి94.9ఎక్స్‌ఎక్స్‌ఎ వేసే ముందు హెచ్‌పీఐ (ఏం జరిగిందో డాక్టర్ రాసిన భాగం) ఇంకోసారి చదవండి, “త్రోన్” (విసిరేయబడ్డాడు) అనో “స్లిప్డ్” (జారాడు) అనో ఒక్క మాట మధ్యలో దాగి ఉంటుంది.