రాస్ 2లో క్యూటీ విండోను క్లీన్‌గా క్లోజ్ చేయడం ఎలా?

రోబోలకు వాడే సాఫ్ట్‌వేర్ రాస్ 2. దానితో బండిని నడపడానికి విండోలు తయారుచేసే లైబ్రరీ క్యూటీతో ఒక విండో రాసుకుంటాం. కంట్రోల్-సి కొట్టినా ఆ విండో పోకపోతే చాలామంది వెంటనే కిల్ మైనస్ 9 (ప్రోగ్రామ్‌ను బలవంతంగా చంపే ఆదేశం) కొట్టేస్తారు. దయచేసి ఆ అలవాటు మానండి. అలా చంపిన ప్రోగ్రామ్‌కు చక్రాలకు సున్నా వేగం పంపే వ్యవధి ఉండదు. చక్రాలను తిప్పే బేస్‌లో టైమౌట్ (ఆదేశాలు రాకపోతే తానే ఆగే ఏర్పాటు) పెట్టకపోతే చివరి ఆదేశం ప్రకారం బండి పోతూనే ఉంటుంది. మా బండి ఒకసారి అలాగే వెళ్లి బల్లకాలిని గుద్దింది.

ఉబుంటు 22.04, రాస్ 2 హంబుల్ వెర్షన్, పైథాన్‌లో రాసిన మీ విండో ఉంటే చాలు.

1. లాంచ్ ఫైల్ (ప్రోగ్రామ్‌లన్నీ కలిపి నడిపే ఫైల్) పక్కన పెట్టి విండోను ఒక్కదాన్నే నడిపి, కంట్రోల్-సి కొట్టి పోతుందో లేదో చూడండి.

2. ఇప్పుడు లాంచ్‌తో నడిపి, కంట్రోల్-సి కొట్టి లాగ్ చదవండి. విండో పోకపోతే లాంచ్ మొదట సిగింట్ (కంట్రోల్-సి పంపే సిగ్నల్), 5 సెకన్లకు సిగ్‌టర్మ్ (ముగించమనే సిగ్నల్), మరో 5 సెకన్లకు సిగ్‌కిల్ (కిల్ మైనస్ 9 ఇదే) పంపుతుంది. ఎగ్జిట్ కోడ్ మైనస్ 9 వస్తే మీ ప్రోగ్రామ్ మాట వినలేదు. మైనస్ 11 అయితే క్రాష్ అయింది, చాలాసార్లు మూసే వరుస తప్పడం వల్లే.

3. అందరూ చెడగొట్టేది ఇక్కడే. క్యూటీ లూప్ సీ ప్లస్ ప్లస్‌లో తిరుగుతుంటుంది. అది పైథాన్‌కు వంతు ఇస్తే తప్ప మీరు రాసిన సిగ్నల్ హ్యాండ్లర్ (సిగ్నల్ వచ్చినప్పుడు నడిచే ఫంక్షన్) నడవదు. ఈలోగా ఆర్‌సీఎల్‌పై (రాస్ 2 పైథాన్ లైబ్రరీ) సొంత హ్యాండ్లర్ సిగింట్ అందుకుని కాంటెక్స్ట్‌ను, అంటే రాస్‌తో మీ ప్రోగ్రామ్‌కున్న లింకును, మూసేస్తుంది. విండో బతికే ఉంటుంది, పబ్లిష్ (రాస్‌లో సందేశం పంపడం) మాత్రం పనిచేయదు. అందుకని ఆర్‌సీఎల్‌పై ఇనిట్‌లో సిగ్నల్ హ్యాండ్లర్ ఆప్షన్‌ను 'నో'గా పెట్టండి. సిగింట్, సిగ్‌టర్మ్ రెండింటికీ మీ హ్యాండ్లర్ కట్టి, అందులో యాప్ క్విట్ ఒక్కటే పిలవండి. ఏ పనీ చేయని క్యూటైమర్‌ను 200 మిల్లీసెకన్లకోసారి నడపండి, పైథాన్‌కు వంతు దొరుకుతుంది. సిగింట్‌ను డిఫాల్ట్‌కు మార్చే ఒక్క లైను చిట్కా వాడొద్దు. అది విండోను అక్కడికక్కడే చంపుతుంది, క్లీనప్ జరగదు.

లూప్ బయటికి వచ్చాక వరుస ఇదే: సున్నా వేగం పబ్లిష్ చేసి, అర సెకను ఆగి, ఎగ్జిక్యూటర్ (వచ్చిన సందేశాలను మీ ఫంక్షన్లకు అందించేది) షట్‌డౌన్, థ్రెడ్ జాయిన్ (ఆ థ్రెడ్ ముగిసేదాకా ఆగడం), డెస్ట్రాయ్ నోడ్ (రాస్‌లో మీ ప్రోగ్రామ్ భాగాన్ని తీసేయడం), చివర్లో ఆర్‌సీఎల్‌పై షట్‌డౌన్. జాయిన్ వదిలేసి నోడ్‌ను తీసేస్తే, స్పిన్ చేస్తున్న థ్రెడ్ లేని నోడ్‌ను పట్టుకుంటుంది. స్పిన్ (ఎగ్జిక్యూటర్‌ను నడుపుతూ ఉండే లూప్) వేరే థ్రెడ్‌లోనే ఉండాలి. టైమర్‌లో స్పిన్ వన్స్ పిలిచేవాళ్లున్నారు కానీ, కెమెరా బొమ్మలు మొదలయ్యాక విండో నత్తనడక నడుస్తుంది. ఆ థ్రెడ్ నుంచి విడ్జెట్‌ను (విండోలోని బటన్, బొమ్మ లాంటివి) నేరుగా ముట్టుకోవద్దు, క్యూటీ సిగ్నల్‌తోనే పంపండి. ఇది సిగింట్ లాంటిది కాదు, క్యూటీలో థ్రెడ్‌ల మధ్య పంపే కబురు.

4. 10 సార్లు తెరిచి మూయండి. మైనస్ 11 ప్రతిసారీ రాదు, ఒకసారి చూసి వదిలేస్తే దొరకదు. ప్రతిసారీ ఎగ్జిట్ కోడ్ 0 రావాలి, చక్రాలు ఆగాలి.