ఘాట్ రోడ్డు దిగే ముందు: ఆటోమేటిక్ కారు ఉన్నవాళ్లకు జాగ్రత్తలు

కార్తీకం మొదలైంది. ఇక సంక్రాంతి దాకా అరకు, లంబసింగి, మారేడుమిల్లి, శ్రీశైలం, తిరుమల దారుల్లో కార్లు బారులు తీరతాయి. వాటిలో ఆటోమేటిక్ బళ్లు ఏటేటా పెరుగుతున్నాయి. ఊళ్లో ఏడాదంతా 'డి' (డ్రైవ్)లో పెట్టి నడిపినవాళ్లు ఘాట్‌లోనూ అలాగే నడుపుతారు. ఎక్కేటప్పుడు ఎలాగో సాగిపోతుంది. భయమంతా దిగేటప్పుడే.

రెండేళ్ల కిందట అనంతగిరి నుంచి శృంగవరపుకోట వైపు దిగుతున్నాం. బండి మా బావగారిది, ఏఎంటీ (మామూలు గేరుబాక్సే, క్లచ్చూ గేర్లూ కంప్యూటరు మారుస్తుంది), కొని మూడు నెలలు. ఐదుగురం, డిక్కీ నిండా సామాను. ఏదో కాలుతున్న వాసన వస్తే ముందు పోతున్న లారీది అనుకున్నాం. లారీ పక్కకి తప్పుకున్నా వాసన పోలేదు. ఇంకో రెండు మలుపులు తిరిగాక బావగారు "పెడల్ మెత్తబడిందేంటి, లోపలికి పోతోంది" అన్నారు. ఆ మాటకి వెనక కూర్చున్న మా అక్క పిల్లల్ని దగ్గరికి లాక్కుంది. ఓ టీ కొట్టు దగ్గర కాస్త చదునుగా ఉంటే ఎలాగో ఆపారు. ముందు చక్రానికి జానెడు దూరంలో చెయ్యి పెడితే పొయ్యి దగ్గర పెట్టినట్టే సెగ. మేనల్లుడు నీళ్ల సీసా తెచ్చి పోయబోతుంటే, అక్కడ టీ తాగుతున్న జీపు డ్రైవరు చెయ్యి పట్టుకుని ఆపేశాడు. "పోస్తే డిస్కు వంకర పోద్ది బాబూ. ఓ అరగంట అలా వదిలేయండి." తర్వాత బావగారిని అడిగాడు, ఏ గేర్లో దిగుతున్నారని. "ఆటోమేటిక్ అండీ, గేరు అదే వేసుకుంటుంది." "దానికి ముందున్న మలుపు కనపడదు కదండీ" అన్నాడతను.

అసలు సంగతి అదే. యాక్సిలరేటర్ మీద నుంచి కాలు తీయగానే చాలా బళ్లు 'డి'లో పై గేరుకు మారిపోతాయి, ఇక బలం అక్కర్లేదు, పెట్రోలు మిగుల్చుదామని. ఇంజను పట్టు వదిలేస్తుంది, బండి జారుతుంది, ఆ బరువంతా బ్రేకుల మీదే పడుతుంది. కొన్ని బళ్లు వాలు పసిగట్టి వాటంతటవే గేరు దించుతాయి. మీ బండి దించుతుందో లేదో ఘాట్ మధ్యలో తెలుసుకోవడం మంచిది కాదు.

ఆ బరువెంతో తిరుమల లెక్క చూడండి. దిగడానికి వాడేది 1944 నాటి పాత దారి, ఎక్కడానికి 1974లో వేసిన కొత్త దారి. దిగే దారి 19 కిలోమీటర్లు, కొండకీ తిరుపతికీ ఎత్తు తేడా దాదాపు 700 మీటర్లు. మనుషులతో కలిపి టన్నున్నర తూగే కారు అంత ఎత్తు దిగితే, టైర్ల రాపిడి, గాలి తినేసింది పోగా మిగిలే శక్తి ఇరవై లీటర్ల నీళ్లను మరిగించగలదు. గేరు పట్టకపోతే ఆ వేడంతా నాలుగు చక్రాల దగ్గర బ్రేకుల్లోకే పోతుంది.

కాబట్టి వాలు మొదలవకముందే గేరు దించండి. ఏఎంటీలోనూ డీసీటీ (రెండు క్లచ్‌ల గేరుబాక్సు)లోనూ లివర్‌ని 'ఎం' (మాన్యువల్) వైపు జరిపి మైనస్ నొక్కాలి. సీవీటీ (విడి గేర్లు లేకుండా బెల్టుతో నడిచే రకం)లో 'ఎల్' గానీ 'ఎస్' గానీ ఉంటుంది. టార్క్ కన్వర్టర్ (క్లచ్ బదులు ఆయిల్‌తో నడిచే పాతకాలపు ఆటోమేటిక్ రకం) ఉన్న పాత బళ్లలో '2', 'ఎల్' అని రాసి ఉంటాయి, కొత్తవాటిలో 'ఎం' ఉంటుంది. టయోటా హైబ్రిడ్ బళ్లలో 'బి'. మామూలు వాలుకి మూడో గేరో రెండో గేరో, హెయిర్‌పిన్ మలుపులకు రెండు, మరీ నిటారుగా ఉంటే ఒకటి. సరైన గేరు దొరికిందనడానికి గుర్తు ఏంటంటే, రెండు పెడళ్ల మీద నుంచీ కాలు తీసినా వేగం పెద్దగా పెరగదు, మలుపు ముందు మాత్రమే బ్రేకు అవసరమవుతుంది. పెరుగుతుంటే ఇంకో గేరు దించండి. అయితే ముందు బ్రేకుతో వేగం తగ్గించి అప్పుడు దించండి. వేగం ఎక్కువుంటే కంప్యూటరు గేరు మార్చనివ్వదు, కూత పెట్టి ఊరుకుంటుంది.

ఇంజను గట్టిగా అరుస్తుంది. పెట్రోలు బండి మూడు, నాలుగు వేల ఆర్‌పీఎం దగ్గర తిరిగినా భయపడక్కర్లేదు, మీటరులో ఎర్ర గీత దాటకపోతే చాలు. పెట్రోలు దండగ అనీ అనుకోవద్దు. కాలు తీసి గేరులో దిగుతున్నప్పుడు ఇంజనుకి ఇంధనం దాదాపు ఆగిపోతుంది.

బ్రేకు మీద కాలు అలా ఆనించి ఉంచడమే మా బావగారు చేసిన తప్పు. గట్టిగా రెండు మూడు సెకన్లు నొక్కి, వేగం తగ్గాక పూర్తిగా వదిలేయాలి. ఆ వదిలిన కాసేపట్లోనే బ్రేకులు చల్లారతాయి. ఇంజనుతో వేగం తగ్గిస్తే వెనక ఎర్ర లైటు వెలగదు, వెనక బండి దగ్గరగా ఉంటే ఒకసారి పెడల్ తాకించండి.

న్యూట్రల్‌లో మాత్రం దిగొద్దు, ఎవరు ఎంత మైలేజీ వస్తుందని చెప్పినా సరే. ఇంజను ఆపి దిగడం అంతకన్నా ప్రాణాంతకం. బ్రేకు పెడల్ రాయిలా బిగుసుకుపోతుంది, స్టీరింగ్ బరువెక్కుతుంది. వాన పడినప్పుడూ మంచుకి రోడ్డు తడిసినప్పుడూ మలుపు మధ్యలో గేరు దించకండి. చక్రాలు జారతాయి.

బయల్దేరే ముందు బ్రేక్ ఆయిల్ ఎప్పుడు మార్చారో చూసుకోండి. అది గాలిలో తేమ పీల్చుకుంటుంది. డాట్ 3 రకం కొత్తగా ఉన్నప్పుడు 205 డిగ్రీల దాకా తట్టుకోవాలి, నీరు పట్టాక 140 డిగ్రీల దగ్గరే మరగొచ్చు. మరిగితే పైపుల్లో బుడగలు, కాలి కింద మెత్తటి పెడల్. రెండేళ్లకోసారి మార్పించండి.

ఎక్కేటప్పుడు ఏఎంటీ, డీసీటీ వాళ్లకి ఒక్క మాట. ట్రాఫిక్ ఆగితే యాక్సిలరేటర్‌తో బండిని వాలు మీద నిలబెట్టకండి, క్లచ్ కాలిపోతుంది. బ్రేకు వేసి, ముందు బండి కాస్త దూరం పోయాక కదలండి. ఎలక్ట్రిక్ కారు వాళ్లు కొండ మీద వంద శాతం ఛార్జ్ చేసుకుని దిగొద్దు. బ్యాటరీ నిండి ఉంటే రీజెన్ బ్రేకింగ్ (మోటారే బండిని నెమ్మదింపజేసి ఆ శక్తిని బ్యాటరీకి పంపడం) సరిగా పనిచేయదు.

వ్యూపాయింట్ దగ్గర వాలులో ఆపాల్సి వస్తే, బ్రేకు నొక్కి ఉంచి 'ఎన్' (న్యూట్రల్) వేయండి, హ్యాండ్‌బ్రేకు లాగండి, కాలు వదిలి బండి హ్యాండ్‌బ్రేకు మీద నిలబడిందో లేదో చూసి, మళ్లీ బ్రేకు నొక్కి అప్పుడు 'పి' (పార్కింగ్). చాలా ఏఎంటీలకు 'పి' ఉండదు. ముందు వైపు ఎత్తుగా ఉంటే 'డి'లో, పల్లంగా ఉంటే 'ఆర్' (రివర్స్)లో ఉంచి ఇంజను ఆపండి. చక్రం కింద ఓ రాయి పెట్టండి. వెళ్లేటప్పుడు ఆ రాయిని రోడ్డు పక్కకి తీసేయడం మరిచిపోకండి, వెనక బైకుల వాళ్లు వస్తుంటారు.