కథకు ఒక మాయామణిని తయారు చేసుకునే పద్ధతి

ఫాంటసీ నవల రాయబోయేవారు చాలామంది ముందు రాజ్యాల పటం గీసుకుని, తరువాత ఒక మణిని తెచ్చి ఏదో ఒక గుహలో పెడతారు. ఆ మణి చీకట్లో వెలుగుతుంది, గాయాలు మాన్పుతుంది, అవసరమైతే శత్రుసైన్యాన్ని కాల్చి బూడిద చేస్తుంది. ఇన్ని పనులు చేసే మణి చేతిలో ఉండగా కథానాయకుడు చెరసాలలో ఎందుకు మగ్గుతున్నాడని పాఠకుడు అడిగితే రచయిత దగ్గర జవాబు ఉండదు. అందుచేత మణికి ముందుగా ఒకే ఒక్క పనిని నిర్ణయించాలి. ఇక్కడ ఉదాహరణకు ‘నెమరురాయి’ అనే కల్పిత స్ఫటికాన్ని మొదటినుంచీ కట్టుకుంటూ వెళదాం. అది నీటిలో పుడుతుంది, బయటికి తీశాక తడి ఆరేలోపు విన్న చివరి మాటను తనలో ఉంచుకుంటుంది, గుప్పిట్లో పట్టుకుని వేడెక్కిస్తే ఆ మాటను తిరిగి పలుకుతుంది. దాని శక్తి అంతకు మించి ఏమీ లేదు.

ఆ శక్తి గాలిలోంచి ఊడిపడినట్టు ఉండకూడదంటే నిజమైన ఖనిజాల గుణాలను కొంత అరువు తెచ్చుకోవడం మంచిది. పద్దెనిమిదో శతాబ్దం తొలినాళ్ళలో డచ్చి వర్తకులు సింహళం నుంచి టూర్మలిన్ రాళ్ళను పట్టుకెళ్ళినప్పుడు, నిప్పుల పక్కన వేడెక్కిన రాయి బూడిదను తనవైపు లాక్కోవడం చూసి, దానికి ‘బూడిద లాగేది’ అనే అర్థం వచ్చే పేరు పెట్టుకున్నారు. వేడి మారినప్పుడు ఆ స్ఫటికపు ఒక కొసన ధనవిద్యుత్తు, రెండో కొసన రుణవిద్యుత్తు చేరడమే ఇందుకు కారణం. 1880లో పియర్, జాక్ క్యూరీ సోదరులు కొన్ని స్ఫటికాలను నొక్కితే విద్యుత్తు పుడుతుందని చూపించారు. మన చేతి గడియారాలలోని క్వార్ట్జ్ ముక్క నేటికీ ఆ గుణం ఆధారంగానే పనిచేస్తోంది. వేడికి స్పందించే రాయి, ఒత్తిడికి స్పందించే రాయి నిజంగానే ఉన్నప్పుడు, మాటకు స్పందించే రాయిని నమ్మడానికి పాఠకుడు పెద్దగా మొరాయించడు. కాబట్టి మన నెమరురాయి కూడా వేడెక్కితే బూడిదను లాగుతుందని పెట్టుకుందాం. దానితో అసలు రాయికీ గాజుముక్కకూ తేడా పట్టే పరీక్ష ప్రతి ఇంటి పొయ్యిలోనూ సిద్ధంగా ఉన్నట్టయింది.

తరువాత హద్దులు గీయాలి. ఎక్కువ సమయం ఇక్కడే వెచ్చించడం మేలు. వజ్రం కాఠిన్యంలో అన్నిటికంటే పైమెట్టున ఉన్నప్పటికీ, దాని పొరల దిశ తెలిసినవాడు సరిగ్గా ఒక దెబ్బ వేస్తే నున్నగా రెండుగా చీలిపోతుంది. మాయామణికి కూడా అలాంటి బలహీనత ఒకటి ఉండాలి, అది దాని బలం పుట్టిన చోటునుంచే రావాలి. నెమరురాయి తన మాటను ఏడుసార్లు మాత్రమే పలుకుతుంది. పలికిన ప్రతిసారీ గొంతు పలచబడుతుంది, ఏడోసారి ఊపిరి చప్పుడు మాత్రమే మిగులుతుంది, ఆపైన అది సుద్దముక్కలా తెల్లబడి మూగరాయి అయిపోతుంది. ఈ నియమాన్ని ఇందాకటి బూడిద పరీక్ష పక్కన పెట్టి చూడండి. పరీక్షించాలంటే రాయిని వేడి చేయాలి, వేడి చేస్తే అది పలుకుతుంది, పలికితే ఒక వినికిడి ఖర్చవుతుంది. అంటే రాయి అసలైనదని నిరూపించుకోవాలంటే దానిలో ఒక వంతు పోగొట్టుకోక తప్పదు. నేను ముందుగా అనుకోని ఈ మెలిక రెండు నియమాలు ఒకదానికొకటి తగిలినప్పుడు దానంతట అదే బయటపడింది. మణికి పది శక్తులు కలిపినా ఇలాంటిది దొరకదు.

‘ఎంతో అరుదైన మణి’ అని రాసినంత మాత్రాన అది అరుదైపోదు, ఎందుకు అరుదో చెప్పాలి. మెక్సికోలోని నైకా గనిలో 2000లో బయటపడిన గుహలో పదకొండు మీటర్లకు పైబడిన జిప్సం స్ఫటికాలు ఉన్నాయి. వేడినీటిలో మునిగి, ఉష్ణోగ్రత దాదాపు మారకుండా లక్షల ఏళ్ళు ఉండబట్టే అవి అంత పెరిగాయి. గనివారు పంపులతో నీరు తోడేయబట్టి గుహ తెరుచుకుంది గానీ, లోపల 58 డిగ్రీల దాకా ఉన్న ఉక్కలో తగిన రక్షణ లేనివారు కొద్ది నిమిషాలకు మించి నిలవలేకపోయేవారు. తరువాత పంపులు ఆగిపోయి గుహ మళ్ళీ నీట మునిగింది. మన దగ్గరి దృశ్యం వేరు. తొలకరి జల్లు పడగానే కర్నూలు జిల్లాలోని తుగ్గలి, జొన్నగిరి పొలాలకు ఎక్కడెక్కడినుంచో జనం వచ్చి, చెట్ల కింద మకాం పెట్టి, వాన కడిగిన ఎర్రమట్టిలో తల వంచుకుని వజ్రాల కోసం వెదుకుతారు. మొదటిది చోటు ఎంత కష్టమైనదో చూపిస్తే, రెండోది ఆశ మనిషిని ఎలా వంచుతుందో చూపిస్తుంది. కథకు రెండూ కావాలి. నెమరురాయి వేడినీటి ఊటబావుల అడుగున పుడుతుంది, వేసవి చివర నీరు దిగిన కొద్ది రోజులే చేతికి అందుతుంది. దిగేవారు నోటికి గుడ్డ కట్టుకుంటారు, ఎందుకంటే ఒడ్డుకు చేరగానే ఎవరైనా దగ్గితే రాయి ఆ దగ్గునే నెమరు వేస్తుంది. తీసిన రాయిని వెంటనే నీళ్ళకుండలో వేసి మూత బిగిస్తారు. సంతలో చవకగా దొరికేవన్నీ కప్పల బెకబెకలూ, బండివాళ్ళ తిట్లూ పట్టిన రాళ్ళే.

పేర్ల సంగతి క్లుప్తంగా చెప్పుకోవచ్చు. ఒకే రాయిని బావిలో దిగేవారు నెమరురాయి అంటే, ఆస్థాన పండితుడు ప్రతిశ్రుతిమణి అనాలి, దొంగసొమ్ము కొనేవాడు గొణుగు అనాలి. తూకానికి గురిగింజలు చాలు.

ఇక మణిని ఎవరి చేతిలో పెట్టాలన్నది మిగిలింది. వినాయక చవితినాడు అక్షతలు పట్టుకుని వినే కథలో శమంతకమణి రోజుకు ఎనిమిది బారువుల బంగారం ఇస్తుంది, కానీ చివరికి జాంబవంతుడి గుహలో పసిపాప ఊయలకు ఆటవస్తువై వేలాడుతుంది. బంగారం లెక్కకన్నా నాకు ఆ ఊయలే బాగా గుర్తుంది. కాబట్టి మొదటి సన్నివేశాన్ని రాజసభలో కాకుండా తాకట్టు కొట్టులో రాయండి. ఒక వితంతువు తన భర్త చివరి మాట ఉన్న రాయిని కొంగుముడి విప్పి బల్లమీద పెడుతుంది. ఇంక రెండు వినికిళ్ళే మిగిలి ఉన్నాయి.

“బూడిద పట్టనిదే ధర చెప్పలేనమ్మా,” అంటాడు కొట్టువాడు, కుంపటి దగ్గరికి జరుపుతూ.

“మీరు చెవులు మూసుకోండి బాబూ, అది నేను వింటాను,” అంటుంది ఆమె.

ఈ సన్నివేశం రాసేటప్పుడు రాయికి కొత్త శక్తి ఏదీ చేర్చవలసిన అవసరం మీకు రాకపోతే నియమాలు కుదిరినట్టే. అవసరం వస్తే వెనక్కి వెళ్ళి హద్దులను మరొకసారి చూసుకోండి. వినికిళ్ళ లెక్కను ప్రకరణాల వారీగా ఒక నోటుబుక్కులో రాసి పెట్టుకోండి. నా చిత్తుప్రతిలో ఈ రాయి ఎనిమిదోసారి కూడా స్పష్టంగా పలికింది, ఆ సంగతి నాకంటే ముందు చదివిపెట్టిన స్నేహితురాలు పట్టుకుంది.