ధ్వనితో దృశ్యం, 7వ పాఠం: లూపులో మిగిలిపోయిన కాకి

ఆరవ పాఠం చివర ఇచ్చిన అభ్యాసానికి మీరు పంపిన ఫైళ్లన్నీ వరుసగా విన్నాను. రెండు నిమిషాల ఆంబియన్స్ పొర, అంటే దృశ్యం వెనుక వినిపించే పరిసరాల ధ్వని, ఒకటి తయారు చేయమన్నాను, చేశారు. 17 సెకన్ల లూపును (అయిపోగానే మళ్లీ మొదటి నుంచి వినిపించే ముక్కను), 23 సెకన్ల లూపును ఒకదానిపై ఒకటి పరచమన్నాను, అదీ చేశారు. అయినా సగానికి పైగా ఫైళ్లలో ఏదో ఒక ప్రాణి గడియారం చూసుకొని మరీ అరుస్తోంది. ఒకరి పెరట్లో కాకి రెండు నిమిషాల్లో ఏడుసార్లు, అదే గొంతుతో, అంతే విసుగుతో 'కావ్' మంటుంది. ఇంకొకరి వీధి మలుపులో ఒకే స్కూటరు ఐదుసార్లు తిరుగుతుంది. అందువల్ల ఈ వారం చెబుతానన్న, రికార్డింగును సగం వేగంతో నడిపే పాఠాన్ని చివరికి కుదించి, ముందు ఈ కాకి సంగతి తేల్చుకుందాం.

తప్పు సగం నాదే. 17, 23 సంఖ్యలకు ఉమ్మడి భాజకం లేదు కాబట్టి ఆ రెండు లూపుల కలయిక 391 సెకన్లకు, అంటే ఆరు నిమిషాల ముప్పై ఒక్క సెకన్లకు గాని మొదటి స్థితికి రాదని చెప్పి ఊరుకున్నాను. ఆ లెక్క సరైనదే. కాని అది కలయికకు సంబంధించిన లెక్క, కాకికి సంబంధించినది కాదు. 17 సెకన్ల లూపులో కాకి ఉంటే, పక్కన 23 సెకన్లది ఉన్నా, దానికి తోడు 29 సెకన్లది చేర్చి మూడు గంటలు దాటినా కలయిక తిరగబడకుండా చూసినా, ఆ కాకి పదిహేడు సెకన్లకొకసారి అరిచే తీరుతుంది. ఇది ఎంతమందికి చెప్పినా మళ్లీ మళ్లీ ఎదురయ్యే పొరపాటు కాబట్టి కాస్త విస్తరంగానే చెబుతాను, తెలిసినవారు ఓపిక పట్టండి.

మీ రికార్డింగులో రెండు రకాల ధ్వనులు ఉంటాయి. ఒకటి శ్రుతి, రెండవది సంఘటన. తంబూర మీటుతున్నప్పుడు ఎన్నో తీగ ఎప్పుడు పలికిందో లెక్కపెట్టుకుంటూ ఎవరూ కచేరీ వినరు. అది ఉందని తెలుస్తుంది, ఆగిపోతే లోటు తెలుస్తుంది, అంతకు మించి అది మన దృష్టిని అడగదు. గాలి, దూరపు రహదారి, ఫ్రిజ్ మూలుగు అటువంటివి. కాకి, తలుపు గడియ, దగ్గు, గరిటె జారిన చప్పుడు సంఘటనలు. వాటికి ఒక మొదలు, ఒక కారణం ఉంటాయి. మొదటిసారి విన్నప్పుడు చెవి కాకిని నమ్ముతుంది, రెండవసారి అనుమానిస్తుంది, మూడవసారికి ముందుగానే ఎదురుచూస్తుంది. ఎదురుచూడటం మొదలైన క్షణంలో తెరపై ఉన్న నటుడు ఏం చెబుతున్నాడో ప్రేక్షకుడు వినడం మానేస్తాడు.

మరి ఫ్యాను కూడా తిరిగిందే తిరుగుతుంది గదా అని ఒక పాఠకుడు అడిగారు. మంచి ప్రశ్న, సమాధానం ఈ ధారావాహికకు మనం పాఠ్యపుస్తకంగా పెట్టుకున్న సంగీతకారుడు గైర్ యెన్సెన్ పనిలోనే ఉంది. నార్వే ఉత్తరాన, ఆర్కిటిక్ వలయం లోపల ఉన్న ట్రోమ్సో ఆయన ఊరు. ఆ ఊళ్లో కొండ మీదికి వెళ్లే తీగబండి ఒకటి ఉంది, దాని పై స్టేషను సముద్రమట్టానికి 421 మీటర్ల ఎత్తున ఉంటుంది. ఆ స్టేషనులోనే, 'హయ్యర్ ఇంటెలిజెన్స్ ఏజెన్సీ' పేరుతో సాగే ఇంగ్లండు ఎలక్ట్రానిక్ సంగీత ప్రాజెక్టుతో కలిసి ఆయన కచేరీ చేశాడు. ఆ తీగబండి యంత్రాల చప్పుళ్లతో పాటు చుట్టుపక్కల సేకరించిన ధ్వనులే దానికి ముడిసరుకు. 1996లో అది 'పోలార్ సీక్వెన్సెస్' పేరుతో ఆల్బమ్‌గా వచ్చింది. అందులో యంత్రం తిరిగి తిరిగి పలికినా మనకు చిరాకు పుట్టదు, ఎందుకంటే తిరగడమే యంత్రం పని. కాకికి ఇష్టాయిష్టాలున్నాయి, అది ఎప్పుడు అరవాలో అదే నిర్ణయించుకోవాలి. యంత్రాన్ని లూపు చేయవచ్చు, ప్రాణిని చేయకూడదు. నేను పాటించే నియమం ఇంతే, దీనికి మినహాయింపులు వెతకడం మీకే వదిలేస్తున్నాను.

దీనికి రివర్బ్, అంటే పెద్ద గదిలో ఉన్నట్లు ప్రతిధ్వని చేర్చడం, మందు కాదని కూడా ఇక్కడే రాసి పెడుతున్నాను. పంపినవారిలో కనీసం పదిమంది కాకి వినబడకూడదని దట్టంగా రివర్బ్ పూశారు. దానివల్ల కాకి పోలేదు, పెరట్లో కూర్చున్నది కాస్తా కల్యాణమంటపంలోకి వచ్చి కూర్చుంది. ఇదివరకు పదిహేడు సెకన్లకొకసారి ఒక అరుపు వినిపించేది, ఇప్పుడు అరుపుతో పాటు దాని వెనుక సాగే ప్రతిధ్వని తోక కూడా వినిపిస్తోంది.

చేయవలసిన పని ఇది. ముందు మానిటర్ ఆపేయండి, ఎందుకంటే తెరపై ధ్వని గీత కనబడుతున్నంతసేపు మనం కళ్లతోనే వింటాము. ముడి రికార్డింగును హెడ్‌ఫోన్స్‌లో మొదటి నుంచి చివరి దాకా వింటూ సంఘటన వచ్చిన ప్రతిచోటా సమయాన్ని కాగితం మీద రాసుకోండి. తరువాత వాటిని కత్తిరించి వేరే ట్రాకులో దాచండి. మిగిలిన ఖాళీలను అదే రికార్డింగులో సంఘటనలేవీ లేని భాగంతో పూడ్చండి. వేరే రోజు రికార్డు చేసిన ధ్వనితో పూడిస్తే అతుకు తెలిసిపోతుంది, ఉదయపు గాలి, సాయంత్రపు గాలి ఒకటి కావు. కొందరు అతుకు టక్కుమనకుండా, ధ్వని గీత సున్నాను దాటే బిందువు కోసం జూమ్ చేసి గంటలు గడుపుతారు. నేను ఆ శ్రమ పడను, ఒక ముక్క తగ్గుతుండగా రెండవది పెరిగేలా ఒక సెకను క్రాస్‌ఫేడ్ ఇచ్చి ముందుకు వెళ్లిపోతాను.

అయితే ఆ క్రాస్‌ఫేడ్‌లోనే ఇంకొక కాకి దాగి ఉంది. మీ ఎడిటర్‌లో ఫేడ్ సరళరేఖలా ఉంటే, గాలి లాంటి రెండు వేర్వేరు ముక్కలు కలిసే నడిమధ్యన మొత్తం బలం దాదాపు మూడు డెసిబెళ్లు పడిపోతుంది. లూపు అతుకు వచ్చే ప్రతి పదిహేడు సెకన్లకు గాలి ఒకసారి తల వంచి లేచినట్లు వినిపిస్తుంది. కాకిని తీసేసి చాలా శుభ్రంగా పని చేసినవారి ఫైళ్లలో కూడా ఈ తల వంపు విన్నాను. 'ఈక్వల్ పవర్' అనే వంపు గీతను ఎంచుకుంటే ఈ గుంట పూడిపోతుంది. ఒకే స్వరం నిలకడగా సాగే తంబూర వంటి ధ్వనికి మాత్రం, రెండు ముక్కల అలలు సరిగ్గా కలిసేలా అతికినప్పుడు, అదే వంపు గీత గుంటకు బదులు గుట్ట లేపుతుంది, అక్కడ సరళరేఖే మేలు.

ఇప్పుడు దాచిన కాకిని బయటికి తీయండి. దానిని రెండు నిమిషాల్లో ఒకే ఒక్కసారి, దృశ్యం అడిగిన చోట, చేత్తో పెట్టండి. షాటు మారే క్షణంలోనే పెట్టకండి, అలా పెడితే కాకి కూడా మన ఎడిటరు జీతగాడే అనిపిస్తుంది. నేను చాలా ఏళ్ల క్రితం ఒక లఘుచిత్రానికి చేసిన మొదటి పనిలో ప్రతి కట్‌కూ ఒక పక్షిని కూర్చోబెట్టాను. దర్శకుడు చూసి, ఈ పక్షులకు స్క్రిప్టు ఎవరిచ్చారని అడిగాడు.

ఇక యెన్సెన్ ప్రయాణంలో ఈ పాఠానికి అవసరమైన మలుపును మాత్రం చెప్పుకుందాం. ఆయన మొదట బెల్ కాంటో అనే బృందంలో ఒకడు. వారి తొలి ఆల్బమ్ 1987లో వచ్చింది. ఆ సంగీతంలో అన్నెలి డ్రెకెర్ గాత్రమే ప్రధానం, కింద ఏది ఎన్నిసార్లు తిరిగినా శ్రోత ఆమె గొంతును పట్టుకొని నడుస్తాడు. బృందాన్ని వదిలి బయోస్ఫియర్ పేరుతో ఒంటరిగా చేసిన తొలి ఆల్బములలో గాయని స్థానాన్ని దరువు తీసుకుంది. 'పటాష్నిక్' ఆల్బములోని 'నావెల్టీ వేవ్స్' 1995లో లీవైస్ జీన్స్ ప్రకటనకు ఎక్కి పేరు తెచ్చింది కూడా. అలాంటి గుర్తింపు వచ్చాక అదే బాటలో ఇంకో నాలుగు ఆల్బములు చేసేవాళ్లే ఎక్కువ. ఆయన 1997లో 'సబ్‌స్ట్రాటా' ఆల్బములో దరువునే వదిలేశాడు. గాత్రం, దరువు రెండూ పోయాక శ్రోత పట్టుకోవడానికి మిగిలింది శ్రుతి పొర ఒక్కటే. అక్కడ పొరపాటు ఉంటే దాక్కోవడానికి చోటు ఉండదు. ఆయన సినిమా పనిలో మనకు కావలసిన రెండు చిత్రాలూ సరిగ్గా ఆ రోజులవే కావడం నాకు కాకతాళీయంగా తోచదు.

సోవియట్ దర్శకుడు వెర్తోవ్ 1929లో తీసిన మూకీ చిత్రం 'మ్యాన్ విత్ ఎ మూవీ కెమెరా'కు కొత్త ధ్వని సమకూర్చమని ట్రోమ్సో అంతర్జాతీయ చలనచిత్రోత్సవం 1996లో యెన్సెన్‌ను, మరో సంగీతకారుడు పెర్ మార్టిన్‌సెన్‌ను అడిగింది. ఇద్దరూ చిత్రాన్ని చెరి సగం పంచుకున్నారు. వెర్తోవ్ అప్పట్లో వాద్యకారుల కోసం రాసి ఉంచిన సూచనలే వారికి ఆధారం. యెన్సెన్ తన సగానికి పరిసరాల నుంచి రికార్డు చేసిన ధ్వనులనే ఎక్కువగా వాడాడు. మరుసటి ఏడాది ఎరిక్ షోల్‌బ్యార్గ్ దర్శకత్వంలో వచ్చిన 'ఇన్‌సోమ్నియా'కు సంగీతం ఆయనదే. ఉత్తర నార్వేలో సూర్యుడు అస్తమించని రోజుల్లో, పొగమంచులో పొరపాటున సహచరుణ్ణి కాల్చిన పోలీసు అధికారికి నిద్ర పట్టకపోవడం ఆ కథ. మన సినిమావాళ్లు రీరికార్డింగ్ అనే పనిలో, ఇటువంటి కథకు ప్రతి భయానికీ ఒక తీగవాద్యాన్ని లేపడం అలవాటు. యెన్సెన్ సంగీతం భయాన్ని ప్రకటించదు, గదిలో వెలుతురు పోనట్లే అదీ పోకుండా నిలిచి ఉంటుంది. వినండి, విన్నాక మీ రెండు నిమిషాల ఫైలును మళ్లీ వినండి.

సగం వేగం గురించి క్లుప్తంగా. రికార్డింగును సగం వేగంతో నడిపితే నిడివి రెట్టింపవుతుంది, స్వరం ఒక స్థాయి (ఆక్టేవ్) కిందికి దిగుతుంది, కాకి ఏదో పెద్ద జంతువవుతుంది. 48 కిలోహెర్ట్జ్ ఫైలులో (సెకనుకు 48 వేల నమూనాలతో రికార్డు చేసినదానిలో) గరిష్ఠంగా 24 కిలోహెర్ట్జ్ వరకు ఉన్న ధ్వని 12కు దిగిపోతుంది కాబట్టి పైభాగం బోసిపోతుంది. 44.1 కిలోహెర్ట్జ్ ఫైలును మార్చకుండా 48 కిలోహెర్ట్జ్ టైమ్‌లైనులో పడేస్తే మాత్రం దాదాపు తొమ్మిది శాతం వేగం పెరుగుతుంది, దానిని కొత్త ప్రయోగమనుకొని నాకు పంపకండి. యెన్సెన్ 2001లో హిమాలయాల్లోని చో ఓయు శిఖరం ఎక్కుతూ చేసిన రికార్డింగులు 2006లో ఆల్బమ్‌గా వచ్చాయి, వచ్చే పాఠానికి ముందు వాటిని ఒకసారి వినండి.

అభ్యాసం. ఒకేచోట కదలకుండా కూర్చొని నలభై నిమిషాలు రికార్డు చేయండి, తెల్లవారుజామున అయితే మంచిది. ఫోను చాలు, కాని జేబులో కాదు, ఏదైనా గట్టి వస్తువు మీద పెట్టండి. వినబడిన ప్రతి సంఘటననూ సమయంతో సహా రాయండి, ముప్పైకి తక్కువ వచ్చాయంటే సరిగా వినలేదని అర్థం. వెర్తోవ్ చిత్రంలో నగరం ఇంకా నిద్రలో ఉన్న తొలి ఘట్టం నుంచి నాలుగు నిమిషాలు తీసుకొని శబ్దం పూర్తిగా తీసేయండి, దాని కింద మీ శ్రుతి పొర పరచండి. సంఘటనలు మూడు మాత్రమే ఉండాలి. మరునాడు ఇంట్లో ఎవరినైనా కూర్చోబెట్టి బొమ్మ చూపకుండా ధ్వని మాత్రమే వినిపించి, ఏమేం విన్నారో చెప్పమనండి. వారు నాలుగవది ఏదైనా చెప్పారంటే అది ఎక్కడి నుంచి వచ్చిందో కాగితంలో వెతికి, మళ్లీ మొదటి నుంచి చేసి పంపండి.