నీడసున్నం: కథకు మాయపదార్థాన్ని తయారు చేసుకోవడం ఎలా

కల్పిత లోకాలు రాసేవాళ్లలో చాలామంది మాయపదార్థాన్ని దాని శక్తితో మొదలుపెడతారు. గాయాలు మాన్పుతుంది, మనిషిని గాల్లోకి లేపుతుంది, చీకట్లో మెరుస్తుంది అంటూ. అలా మొదలైతే పది పేజీలు తిరిగేసరికి అది సర్వరోగ నివారిణి అయిపోతుంది, కథలో టెన్షన్ పోతుంది. పిల్లల కథలకు నేను పాటించే పద్ధతి వేరు. చేత్తో తాకగలిగే నిజమైన పదార్థం ఒకటి తీసుకుంటాను. దాని గుణాల్లో ఒక్కదాన్నే మారుస్తాను. మిగతావి ఉన్నవి ఉన్నట్టే వదిలేస్తాను.

సున్నాన్నే తీసుకుందాం. హైదరాబాద్‌లో ఉండేవాళ్లకు ఇంతకంటే చేరువైన సరుకు లేదు. 1591 నాటి చార్మినార్ నిలబడింది రాయి, సున్నంతోనే. కుతుబ్‌షాహీ సమాధుల దగ్గర 2013లో మొదలైన పునరుద్ధరణలో, తర్వాతి రోజుల్లో ఎవరో పూసిన సిమెంటును ఒలిచేసి మళ్లీ సున్నమే పట్టించారు. వీలైతే మధ్యాహ్నం పూట వెళ్లి అక్కడి గోడల పక్కన కాసేపు నిలబడండి. రాసే ముందు ఆ తెలుపును కళ్లతో చూడటం చాలా అవసరం.

తర్వాత ఆ పదార్థం స్వభావం పూర్తిగా తెలుసుకుని రాసుకోవాలి. సున్నపురాయిని బట్టీలో దాదాపు 900 డిగ్రీల వేడిలో కాలిస్తే అందులోని కార్బన్ డయాక్సైడ్ పోయి పొడి సున్నం మిగులుతుంది. నీళ్లు పోస్తే సలసలా మరుగుతుంది, చెయ్యి పెడితే కాలుతుంది. ఇసుక కలిపి గానుగలో నూరి, బెల్లం నీళ్లు, కరక్కాయ నీళ్లు చేర్చి పూతకు సిద్ధం చేస్తారు. పూశాక త్వరగా ఆరిపోకుండా తడి గోనెపట్టాలు కప్పుతారు. పోగొట్టుకున్న కార్బన్ డయాక్సైడ్‌ను గాలిలోంచి మెల్లమెల్లగా తిరిగి తీసుకుంటూ మళ్లీ రాయి అవుతుంది. ఇక్కడ తొందర కుదరదు. వారాలు, నెలలు పడుతుంది.

ఇప్పుడు ఆ ఒక్క గుణం మార్చండి. నా లోకంలో సున్నం గాలిని పీల్చుకోదు, తన మీద పడ్డ నీడను పీల్చుకుంటుంది. వేపచెట్టు కింద పూస్తే, బిగిశాక చెట్టు కొట్టేసినా ఆ చల్లదనం నేల మీద అలాగే ఉంటుంది. అదే నీడసున్నం.

మార్చకుండా వదిలేసిన గుణాలే ఇక కథ నడుపుతాయి. ఈ పద్ధతిలో నాకు బాగా ఇష్టమైన భాగం ఇదే. సున్నం మెల్లగా బిగుస్తుంది కదా, మరి సూర్యుడు ఆగడు. గంటకు 15 డిగ్రీలు జరుగుతాడు, నీడా జరుగుతుంది. కాబట్టి పూసిన చోటును రోజంతా గోనెపట్టాతో కప్పే ఉంచాలి. రోజూ ఒకే వేళకు, మిట్టమధ్యాహ్నం, పట్టా తీసి కాసేపు నీడ పట్టనిచ్చి మళ్లీ కప్పేయాలి. బిగిసేదాకా అక్కడ ఒక మనిషి కాపలా ఉండాల్సిందే. కాపలావాడు కునుకు తీసినప్పుడు ఒక పిల్ల ఆ పూత మీదుగా పరుగెత్తిందనుకోండి. ఆ పిల్ల నీడ ఆ పూతలోనే ఉండిపోతుంది. నేనేమీ కొత్తగా కల్పించలేదు, సున్నం నిదానం వల్లే ఈ సంఘటన పుట్టింది.

శక్తి తర్వాత అంగడి. ఏ సరుకైనా అమ్మకానికి వచ్చిందంటే కల్తీ కూడా వస్తుంది. నీడసున్నంలో ముగ్గుపిండి కలుపుతారు. కొనేవాళ్లు పలక మీద గోరంత పలచగా రాసి, దాని మీద పుల్ల నిలబెడతారు. అంత పలచటి పూత ఇట్టే బిగుస్తుంది. పుల్ల తీసినా గీత నల్లగా నిలిస్తే అసలు సరుకు. తడి వేలితో రుద్దితే చెరిగిందంటే కల్తీ. హైదరాబాద్‌లో ఏటా రెండుసార్లు, మే 9, ఆగస్టు 3 ప్రాంతాల్లో, మిట్టమధ్యాహ్నం సూర్యుడు సరిగ్గా నడినెత్తికి వచ్చి, నిటారుగా నిలబెట్టిన వస్తువు నీడ దాని కిందే దాక్కుంటుంది. నా ఊరికీ ఆ రెండు రోజులు ఇచ్చాను. ఆ వేళ పుల్ల పరీక్ష పనిచేయదు. నాసిరకం సరుకంతా ఆ కాసేపట్లోనే చేతులు మారుతుంది.

ఎవరు నష్టపోతున్నారన్నది తప్పకుండా తేల్చుకోండి. నీడ పట్టిన పూతను ఒలిచి తీసుకుపోతే, నీడను ఇచ్చేసిన చెట్టు కింద ఇక చల్లగా ఉండదు. మేడ వాకిట్లోకి చేరిన నీడ నిన్నటిదాకా చెప్పులు కుట్టే ఆయన నెత్తి మీద ఉండేది. ఏప్రిల్, మే ఎండల్లో ఈ ఊళ్లో బయట పనిచేసేవాళ్లను చూసిన ఎవరికైనా ఆ నష్టం ఎంతో తెలుసు. దాన్ని తేలిగ్గా దాటేసే కథ నేను రాయను, మిమ్మల్నీ రాయొద్దని కోరతాను.

పదార్థం సిద్ధమైందో లేదో చూడటానికి, దాని గురించి ఎవరూ వివరించని ఒక చిన్న బేరం రాయండి:

"మేస్త్రీ, పోయినసారి పూసిన నీడ అప్పుడే పలచబడింది."

"అది చింతనీడ కాదమ్మా, తుమ్మనీడ. చవకలో కావాలన్నారు కదా."

"చింతనీడకైతే ఎంత?"

"డబ్బు సంగతి తర్వాత. ముందు చింతచెట్టు ఎవరిదో కనుక్కురండి."

చదివినవాళ్లకు ఇంతమాత్రంతోనే పని జరిగే తీరు అర్థమైతే వివరణ పేరా కొట్టేయవచ్చు. అర్థం కాకపోతే వివరణ పెంచకండి, బేరాన్ని మళ్లీ రాయండి.

సున్నం మీకు నచ్చకపోతే చార్మినార్ పక్కనున్న లాడ్‌బజార్‌కు వెళ్లండి. అక్కడ గాజులకు వాడే లక్కను చెట్ల కొమ్మల మీద బతికే పురుగులు ఇస్తాయి. వేడికి మెత్తబడుతుంది, చల్లారితే బిగుస్తుంది, మళ్లీ వేడి చేస్తే మళ్లీ లొంగుతుంది. ఒక దుకాణం ముందు నిలబడి గాజు తయారయ్యేదాకా చూసి, లక్క గుణాలన్నీ రాసుకుని, వాటిలో ఒక్కదాన్ని కొట్టేయండి.