నిమ్మచెట్టు నోరు ఎక్కడుందో తెలిసింది

నెల్లూరు జిల్లాలోని మా పొదలకూరు చుట్టూ నిమ్మతోటలే. మా పెరట్లోనూ ఆరేళ్ల చెట్టు ఉంది. అయినా పచ్చడికి కాయలు కొనుక్కునేవాళ్లం! పూత విరగబూసేది, పిందె గోలీకాయంత కాగానే రాలిపోయేది. రసాయన ఎరువులు వేయనని పంతం పట్టి, పచ్చి పేడ తట్టలకొద్దీ తెచ్చి మొదట్లో కుప్పపోశాను. ఆకులు మరింత పసుపెక్కాయి. బెరడు మీద జిగురు కారింది, వేలితో తాకితే తేనెలా సాగింది.

పక్క తోట పెద్దాయన చూసి, "నోరు అక్కడ లేదమ్మా, ఇక్కడుంది" అంటూ మిట్టమధ్యాహ్నం కొమ్మల నీడ అంచున కర్రతో గీత గీశారు. అక్కడ జానెడు తవ్వకముందే జుట్టులాంటి సన్నటి వేళ్లు కనిపించాయి. చెట్టు నీరు, ఎరువు తీసుకునే నోరు అవే!

పేడంతా తీసేశాను. జిగురు గీకి బోర్డో పేస్టు (మైలుతుత్తం, సున్నం కలిపిన ముద్ద) పూశాను. మొదలుకు నీరు తగలకుండా చుట్టూ చిన్న గట్టు వేసి, నీడ అంచున గుండ్రంగా పాదు తీశాను. అందులో మాగిన పశువుల ఎరువు రెండు తట్టలు, వేపపిండి రెండు కిలోలు కలిపాను. ఆపై పదిహేను రోజులకోసారి జీవామృతం: 20 లీటర్ల నీటికి కిలో పేడ, లీటరు గోమూత్రం, బెల్లం, శనగపిండి 200 గ్రాముల చొప్పున, గుప్పెడు గట్టు మట్టి. నీడలో 48 గంటలు ఉంచి, ఉదయం సాయంత్రం కర్రతో కలపాలి. వాసన సంగతి మా ఆయనను అడగండి.

మూడు నెలలకు లేత చిగుళ్లు వచ్చాయి. పిందె ఇప్పటికీ కొంత రాలుతుంది కానీ, మొన్న ఒక్క కోతకే బుట్ట నిండింది.